సమస్య: విషము భూషణమ్ము వీపుమీద

నిర్వాహకుడు, తిరుపతి:
ఈ వారం సమస్య ఆటవెలది నాలుగో పాదం, పై మూడు పాదాలూ మీరు పూరించాలి. షరతు ఒకటే: పద్యం ఫిలిడియా వారికోసా అనే సముద్రపు నత్త మీదే ఉండాలి. విషమనగానే కాళహస్తి పక్కనున్న మనకు శివుడి గొంతే గుర్తొస్తుంది. దీనికి విషం వీపు మీదుంటుంది.

లక్షద్వీప్‌లో నీళ్లలోకి తల ముంచి చూశాను దీన్ని. నల్లటి చాళ్లు, వాటి మధ్య బూడిద కలిసిన నీలపు గట్లు, గట్ల మీద పసుపు బుడిపెలు. పారిపోయే తొందరే లేదు. అంత నింపాదిగా పాకే జీవిని నేనెక్కడా చూడలేదు. ఎర్ర సముద్రం నుంచి పసిఫిక్ నడిమి దీవుల దాకా పగడపు దిబ్బలే దీని ఇల్లు. మన పులికాట్‌లో వెతకొద్దు, అక్కడ పగడాలు లేవు. 1801లో ఫ్రెంచ్ జీవశాస్త్రవేత్త లామార్క్ పేరు పెట్టాడు. వారికోసా అంటే ఉబ్బిన నరాలున్నది. దీనికి పళ్లు లేవు, స్పంజిని కరిగించి పీల్చుకుంటుంది. అందులోని విషాన్ని ఒంట్లో దాచుకుంటుంది. చేపల తొట్టెలో వేస్తే చేపలు చచ్చిపోవచ్చు.

శ్రీకాళహస్తి సభ్యుడు:
శేషశైల మగుచు శ్రీనివాసుని మోయు
పాము రేడు తనదు భాగ్య మనెను
పడగ లోని విషము పాపమా పుణ్యమా
విషము భూషణమ్ము వీపుమీద

పుంగనూరు మాష్టారు:
నాయనా, ధార బాగుంది, యతులూ (పాదం మొదటి అక్షరానికీ నడుమ అక్షరానికీ పొత్తు) సరిపోయాయి. కానీ విషం పడగలో ఉంది, భూషణమైన స్వామి వీపు మీదున్నాడు. రెండూ ఒకటైతేనే సమస్య తీరుతుంది. పైగా నత్త ఏదీ?

చంద్రగిరి సభ్యురాలు:
పెంకు లేని నత్త పగడాల దిబ్బపై
స్పంజి తినుచు బతుకు సంద్రమందు
తిన్న విషమె తనకు తీరైన కవచమ్ము
విషము భూషణమ్ము వీపుమీద

పుంగనూరు మాష్టారు:
అమ్మా, మూడో పాదం బంగారం. పెంకు పోయిన చోట విషం కవచమైంది, విషయమంతా అందులోనే ఉంది. మొదటి పాదంలో మాత్రం 'పె'కీ 'ప'కీ యతి కుదరదు.

చంద్రగిరి సభ్యురాలు:
నిజమే మాష్టారూ, తొందరపడ్డాను. ఇలా మార్చాను: "పగడ దిబ్బ నత్త పైపెంకు లేనిది". ఇప్పుడు ప, పై.

పుంగనూరు మాష్టారు:
చక్కగా కుదిరింది.

పలమనేరు సభ్యుడు:
నాది కాస్త పక్కదారి. సముద్ర దోసకాయ అని సముద్రపు అడుగున పాకే మెత్తటి జంతువుంది, దాని పిల్ల ఒకటి ఈ నత్తలా కనిపిస్తుంది.

నత్త రంగు పూసి నటియించు పసికూన
కడలి దోసకాయ కపటి కాదు
బతుకు కోరి వేసె భయపెట్టు వేషమ్ము
విషము భూషణమ్ము వీపుమీద

చంద్రగిరి సభ్యురాలు:
అన్నా, వేషం వేసినదాన్ని కపటి కాదంటే ఎలా? ఆ పాదం పూరణ కోసం వేసినట్టుంది.

పలమనేరు సభ్యుడు:
లేదక్కా, కావాలనే రాశాను. ఎవరినో పట్టి తినడానికి కాదు ఆ వేషం. ఈ రంగులు చూసి చేపలు దూరంగా పోతాయి, అంతే.

నిర్వాహకుడు, తిరుపతి:
నాకు నచ్చింది. ఇక్కడ 'విషము' అంటే విషపు రంగు అని అర్థం చేసుకోవాలి, అది ఒప్పుకోదగ్గదే. 'పసికూన' అన్న మాట మరీ సరైనది. పెద్దయ్యాక ఆ దోసకాయ ఒళ్లు వేరే రంగుకు మారుతుంది, ఈ పోలిక ఉండదు.

పలమనేరు సభ్యుడు:
వేషం తీసేసే ఆ రోజు మీద ఇంకో ఆటవెలది రాస్తాను, రాత్రికి పెడతా.