కుండ మూతిమీద వండే రేకు: దీన్ని తెలుగులో ఏమందాం?

థాయ్‌లాండ్ వంటకం ఒకటుంది, 'ఖావ్ క్రియప్ పాక్ మో'. నీళ్లు మరిగే కుండ మూతికి నూలు గుడ్డ బిగించి కట్టి, జారుగా కలిపిన బియ్యప్పిండిని గరిటె అడుగుతో దానిమీద పల్చగా రాస్తారు. పిండిలో కాస్త కర్రపెండలం పిండీ కలుపుతారు, సాగుతుందని. మూతపెడితే నిమిషంలో ఉడుకుతుంది. మధ్యలో కూర పెట్టి, తడి అట్లకాడతో అంచులు మడిచి తీస్తారు. అక్కడ మామూలుగా పెట్టేది పందిమాంసం. శాకాహారులైతే ఊరేసిన తీపి ముల్లంగి, వేరుశనగపప్పు, తాటిబెల్లం, వెల్లుల్లి, మిరియాలు.

ఖావ్ అంటే బియ్యం, అన్నం కూడా. క్రియప్ అంటే కరకరలాడేది. పాక్ నోరు, మో కుండ. 'స్టీమ్డ్ క్రేప్' అని రాయబుద్ధి కావడం లేదు. 'ఆవిరి దోశ' అనొచ్చా?

జవాబు: దోశ వద్దండీ. పెనం లేదు, చుయ్‌మనడం లేదు, అదేం దోశ? 'రేకు' నయం. పూతరేకులకీ బియ్యప్పిండే కదా. కాకపోతే ఆత్రేయపురంలో బోర్లించిన కుండ వీపుమీద పూత పూస్తారు, వీళ్లు మూతిమీద. ఇంతకీ మెత్తటి తిండికి 'కరకర' పేరేమిటి?

జవాబు: థాయ్‌లాండ్‌లోనే ఉత్తరదిత్ ప్రాంతంలోని లాప్లే వైపు చూస్తే కొంత తెలుస్తుంది. అక్కడ ఇలాగే గుడ్డమీద ఉడికించిన రేకుల్ని ఎండబెట్టి దాచుకుంటారు, మనం వడియాలు పెట్టుకున్నట్టు. వాటి పేరు 'ఖావ్ ఖేప్'. అదే రేకుమీద పచ్చిగా ఉండగానే క్యాబేజీ, తూటికూర, మొలకలు, సన్నటి సేమియా వేసి మడిస్తే 'ఖావ్ పన్ పక్'. పన్ అంటే చుట్టడం, పక్ అంటే కూరగాయలు. మీ శాకాహార రేకుకి ఈ పేరే దగ్గర.

ఇక తెలుగు మాట. కుండ మూతికి కట్టే ఆ గుడ్డకి మనకో పేరుంది కదా, వాసెన! దానిమీద ఉడికించినది వాసెనపోలి. ఇడ్లీ రేకులు రాకముందు ఆవిరి కుడుములకి ఇదే పద్ధతి. స్టీలు ఇడ్లీ పాత్రలు వచ్చాక గుడ్డ పోయింది, గుడ్డతో మాటా పోయింది. వాతెర అంటే పెదవి, వాకొను అంటే పలుకు. వీటిలో 'వా' నోరే. వాసెనలోనూ అదే ఉందని నా ఊహ. అలాగైతే థాయ్‌వాళ్ల 'పాక్', మన 'వా' ఒకే కుండమీద కూర్చున్నట్టే. అన్నట్టు, బ్యాంకాక్ దగ్గర నది సముద్రంలో కలిసేచోట 'పాక్ నామ్' ఉంది, నీటి నోరు అని. మన జాలర్లు దాన్నే మొగ అంటారు.

నా ఓటు 'వాసెన రేకు'కి.

మొదట అడిగినవారు: బాగుందండీ, ఇదే ఖాయం. నిన్న పాత పంచె ముక్క గిన్నెకి కట్టి చూశాను. అమ్మమ్మ దూరం నుంచే "వాసెన వదులుగా ఉందిరా" అంది. ఇన్నేళ్లలో ఆవిడ నోట ఆ మాట వినడం అదే మొదలు! అన్నట్టే పిండి మధ్యకి జారి ముద్దయింది. బిగించి కట్టాక ఇంకో తంటా. గుడ్డ అంచున ఆవిరి పోవడానికి చిన్న చీలిక పెట్టాలట, నీళ్లు తగ్గితే పోసేదీ అందులోంచే. నేను పెట్టలేదు. గుడ్డ పూరీలా ఉబ్బింది, రెండో వాయి కూడా అలాగే పోయింది.