మీ కారు రోజుకు ఎంతసేపు కదులుతుంది?

విలేకరి: కారు మీద ఆదివారం అనుబంధానికి ఒక కథనం రాస్తున్నా. ఇంతగా తిట్టుకుంటూ కూడా దాన్ని ఎందుకు వదల్లేకపోతున్నామో తెలుసుకోవాలని. ముందు నా సంగతి. వారం రోజులు డైరీలో రాసుకుంటే, నా కారు రోజుకు గంటా పది నిమిషాలు నడిచింది. మిగతా టైమంతా సెల్లార్‌లో పావురాల రెట్ట కింద ఉంది. ఈఎంఐకి మాత్రం సెలవుల్లేవు. మీ అనుభవాలు రాయండి, పేర్లు వెయ్యను.

నిమ్మకాయ: 2019లో కొన్నాం. గుళ్లో పూజ, టైర్ల కింద నిమ్మకాయలు, అన్నీ అయ్యాయి. ఆ రోజు మా నాన్న చొక్కా పై గుండీ కూడా పెట్టుకుని ముందు సీట్లో కూర్చున్నారు. ముప్పై ఏళ్లు ఆర్టీసీ బస్సుల్లో వేలాడుతూ ఆఫీసుకు వెళ్లిన మనిషి. సీట్ల ప్లాస్టిక్ కవర్లు ఏడాదిన్నర తియ్యనివ్వలేదు. ఈ కారుకు గంటల లెక్క ఏం కడతాం?

మియాపూర్ మామ: 2017 నవంబరులో మియాపూర్–నాగోల్ మెట్రో మొదలవగానే కారు అమ్మేద్దామనుకున్నా. స్టేషన్ దాకా ఒక ఆటో, దిగాక ఆఫీసుకు ఇంకో ఆటో. పెట్రోలు మీద మిగిలింది ఆటోలకే సరిపోయింది. పోనీ నడుద్దామంటే ఫుట్‌పాత్ మీద కార్లు పెట్టి ఉంటాయి. (నేనూ పెట్టినవాడినే, ఒప్పుకుంటున్నా.)

నానోవాలా: 2008లో టాటా నానోను లక్ష రూపాయల కారని చూపించినప్పుడు మేం నలుగురం ఒకే స్కూటర్ మీద తిరుగుతున్నాం. రతన్ టాటాకు ఆ ఆలోచన వచ్చిందే అలాంటి కుటుంబాన్ని చూసి. కొన్నా. బండితో నాకే ఇబ్బందీ లేదు. పెళ్లిళ్లకు వెళ్తేనే తంటా. "బావా, మీ లక్ష కారు ఎక్కడ పెట్టావ్?" అని మా బావమరిది పదిమందిలో అడిగేవాడు. 2018లో తయారీ ఆగిపోయింది. చవక అన్న పేరే దాన్ని ముంచిందని నా లెక్క.

డాలస్ కోడలు: ఇక్కడ పాలు అయిపోయినా కారు తియ్యాల్సిందే. మా అత్తయ్యగారు గుంటూరు నుంచి వచ్చిన మూడో రోజు కొత్తిమీర తెస్తానని నడిచి బయల్దేరారు. మా కాలనీ దాటగానే ఫుట్‌పాత్ అయిపోయింది. ఆపైన గడ్డి, ఆరు లైన్ల రోడ్డు. వెనక్కొచ్చి చెప్పులు విప్పుతూ "ఈ ఊళ్లో కాళ్లతో పనేముందమ్మా" అన్నారు. ఆర్నెల్లూ గుడికైనా కూరలకైనా మా వీలు చూసుకునే.

కూకట్‌పల్లి అక్క: 2023 డిసెంబరు నుంచి తెలంగాణలో ఆడవాళ్లకు బస్సు ఫ్రీ కదా. నేను బస్సులో, మా ఆయన అదే రోడ్డు మీద కారులో. సిగ్నల్ దగ్గర ఒక్కోసారి పక్కపక్కనే ఆగుతాం. ఆయనొక్కరే, చుట్టూ నాలుగు ఖాళీ సీట్లు. టైమింగ్ కుదరదంటారు. నేను నిలబడే వెళ్తాననుకోండి, అది వేరే బాధ.

విలేకరి: నిమ్మకాయ గారూ, మీ నాన్నగారితో ఫోన్లో మాట్లాడొచ్చా?

నిమ్మకాయ: ఫోన్ ఎత్తరండీ, సాయంత్రం ఇంటికి రండి. సెల్లార్‌లో ఉంటారు. కారులో ముందు సీట్లో, అద్దాలు దించుకుని పేపరు చదువుకుంటూ.