కార్ల్ మాయర్ గురించి ఎందుకు మాట్లాడరు?

ప్రశ్న: జర్మన్ మూకీ చిత్రాల ప్రస్తావన రాగానే అందరూ దర్శకుడు మూర్నౌను తలచుకుంటారు గాని, ఆయన తీసిన ‘ది లాస్ట్ లాఫ్’ (1924) రచయిత కార్ల్ మాయర్ ఊసెత్తరెందుకు?

జవాబు: మాటలే లేని చిత్రానికి రచయిత ఏం చేస్తాడన్న చులకనే కారణం కావచ్చు. నిజానికి కెమెరా కదలికలను సైతం ఆయన స్క్రిప్టులోనే సూచించేవారు. హోటల్ ద్వారపాలకుడు యూనిఫాం పోగొట్టుకొని మరుగుదొడ్ల కాపలాకు దిగజారే ఆ కథ, ముగింపుకు ముందు వచ్చే ఒకే ఒక్క టైటిల్ కార్డు (తెరపై అక్షరాల్లో చూపే వాక్యాలు) తప్ప, దృశ్యాలతోనే నడుస్తుంది.

మరో జవాబు: ఆ కార్డు తర్వాతి సుఖాంతం మాత్రం, నా దృష్టిలో, అతికించినట్టే ఉంటుంది. మరో రచయిత హాన్స్ యానోవిట్స్‌తో కలిసి ‘ది కాబినెట్ ఆఫ్ డాక్టర్ కాలిగరి’ (1920) చిత్రాన్ని రాసినదీ మాయరే. యూదుడైన ఆయన తర్వాత నాజీల బారి నుంచి తప్పించుకొని లండన్ చేరి, 1944లో అక్కడే మరణించారు.