అప్‌డేట్: కలలోకపు సరస్సు మీద ఆగని మెరుపు

నా కథలోని కలలోకంలో రాత్రంతా ఒకే సరస్సు మీద, ఉరుము లేకుండా, మెరుపులు మెరుస్తుంటాయి. దానికి నమ్మదగిన కారణం ఏం పెట్టాలని ఇంతకుముందు అడిగాను కదా. జవాబిచ్చిన అందరికీ థాంక్స్. "మాయ అనేసి వదిలెయ్" అన్న సలహా మాత్రం నాకు నచ్చలేదు.

వెనెజులాలోని మరకైబో సరస్సు గురించి చదవమన్నవాళ్లకు రుణపడి ఉంటాను. కాటటుంబో నది కలిసే ఆ సరస్సు మీద ఏడాదికి సగటున 297 రోజులు రాత్రిపూట ఉరుములు, మెరుపుల వానేనట! 2016 నాటి నాసా ఉపగ్రహ లెక్కల్లో ప్రపంచంలో మొదటి స్థానం దానిదే, ఏటా చదరపు కిలోమీటరుకు 233 మెరుపులు. చుట్టూ కొండలు, మధ్యలో వెచ్చని నీళ్లు. రాత్రి కొండల మీంచి దిగే చల్లగాలి సరస్సు మీది తేమగాలిని పైకి నెడుతుంది, మబ్బు కడుతుంది.

ఉరుము సంగతి తేలికగానే తేలింది. పాతిక కిలోమీటర్లు దాటితే మామూలుగా వినపడదు. అందుకే నా ఊరిని దూరంగా అవతలి గట్టుకి జరిపాను.

2010లో కరువొచ్చి కొన్ని నెలలు ఆ మెరుపులు ఆగిపోయాయని చదివాక కథే మారిపోయింది. ఒకప్పుడు ఓడలవాళ్లకి ఆ వెలుగే దీపస్తంభమట. నా కథలోనూ అది ఆరిపోతుంది, పడవలు దారి తప్పుతాయి.

ఇంకొక్కటి: కొండల్ని గాజువి చేయాలనుంది. గాజుకొండ రాత్రి త్వరగా చల్లబడుతుందా? తెలిసినవాళ్లు చెప్పండి.