వెంటిలేటర్ వద్దని నాన్న రాసి పెట్టారు. పాటించాల్సిందేనా?

గోదావరిగట్టు:
నాన్న లెక్కల మాస్టారు. కోలుకునే ఆశ లేనప్పుడు వెంటిలేటర్ పెట్టవద్దని తెల్లకాగితం మీద రాసి, రేషన్ కార్డు కవరులో దాచుకున్నారు. ఊపిరితిత్తులు పూర్తిగా పాడయ్యాక ఆ కాగితం తీశాను. ‘నేను వచ్చేదాకా ఉంచండి’ అన్నాడు డాలస్ నుంచి అన్నయ్య. తొమ్మిది రోజులు ఉంచాం. గొట్టం పీకేసుకుంటారని చేతులు రెండూ మంచం కమ్మీలకు గుడ్డపీలికలతో కట్టారు. తులసి తీర్థం పోద్దామంటే నోట్లో చోటు లేదు. పెదవులు తడిపి వచ్చేశాను. ఇలాంటప్పుడు రాసినవారి మాట చెల్లాలా, పక్కనున్నవారి మాటా?

పెన్నానీళ్లు:
మీ బాధ అర్థమైంది గానీ ఒప్పుకోను. మా అమ్మ విషయంలోనూ డాక్టర్లు ఆశ పెట్టుకోవద్దన్నారు. పదకొండు రోజులు యంత్రం మీదే ఉంది. ఆ తర్వాత మూడు వేసవులు ఆవకాయ పెట్టింది. మా ఇంట్లో అలాంటి కాగితం ఉండి ఉంటే?

పాతచింతచెట్టు:
ఆయువు ఉన్నంతకాలం ఉంటారు. దీనికి కాగితాలెందుకు?

రాత్రిడ్యూటీ:
ఐసీయూ నర్సుని. పెన్నానీళ్లు గారూ, మీ అమ్మగారికి ఆ కాగితం వర్తించేదే కాదు. 2018 మార్చి 9న సుప్రీంకోర్టు ఇలాంటి కాగితాన్ని ఒప్పుకున్నది కోలుకునే అవకాశం లేని స్థితికే. ఆసుపత్రి వైద్యుల బోర్డు ఒకటి, దానిపైన మరొకటి సరేననాలి. కాగితం మీద మొదట మేజిస్ట్రేటు సంతకం కావాలన్నారు. ఆ తిరుగుడు ఎవరు పడతారు? 2023లో సడలించారు. ఇద్దరు సాక్షులు, నోటరీ లేదా గెజిటెడ్ అధికారి చాలు. ప్రాణం తీసే ఇంజెక్షన్ వేరే సంగతి, దానికి అనుమతి లేదు. గొట్టం తీశాక రోగిని గాలికి వదిలేయం. ఆయాసం తగ్గడానికి మార్ఫిన్ ఇస్తాం, నోరు తడుపుతాం. చేతులు విప్పుతాం.

పెన్నానీళ్లు:
రెండు బోర్డులా! మా ఊరి ఆసుపత్రికి మత్తు డాక్టరే వారానికి రెండుసార్లు వస్తారు. అదలా ఉంచండి. ‘పిల్లలకు భారం కాకూడదు’ అనుకుంటూ పెట్టే సంతకం ఇష్టంతో పెట్టినట్టేనా? మా వీధిలో ఏ పెద్దాయనను కదిపినా ముందు ఆ మాటే.

గోదావరిగట్టు:
దానికి నా దగ్గర జవాబు లేదు. నాన్న మాత్రం ఖర్చు ఊసే ఎత్తలేదు. ‘తెలివి ఉండగా ఇంటికి తీసుకెళ్లి, వాకిలి కనబడేలా మంచం వేయండి’ అని రాశారు.

పెన్నానీళ్లు:
నర్సు గారూ, ‘పదిహేను రోజులు ప్రయత్నించండి, ఆ తర్వాత వద్దు’ అని రాసుకోవచ్చా?

రాత్రిడ్యూటీ:
రాసుకోవచ్చు. మీ తరఫున మాట్లాడాల్సిన మనిషి పేరు కూడా రాయండి. దగ్గరలో ఉండేవారిది.