‘వచ్చిండు’ అంటే గుట్టు పొక్కె: మిస్టరీ గేమ్ డెమోల ఆడా మగా తేలకుండ చెప్పుడెట్ల?

ప్రశ్న (దేవరకొండ)

(ఇండ్ల మాట్లాడెటోళ్లను వాళ్ల ఊరి పేరుతోనే రాసినం.) ఒక మిస్టరీ విజువల్ నవల గేమ్ (బొమ్మలు చూసుకుంట కథ చదివే ఆట) డెమో తెలుగు చేసేటప్పుడు వచ్చే చిక్కు ఇది. రాత్రిపూట సత్రంల కరెంటు పోతది. తెల్లారి వంటామె చెప్తది: వెనుక తలుపు నుంచి ఎవరో లోపలికి వచ్చి, బల్ల మీది ఉత్తరం తీసుకొని పోయిన్రని. మూలం ఇంగ్లిషు. అండ్ల ‘దే’ అనే సర్వనామం పెట్టి ఆడో మగో తేలకుండ దాటేసిన్రు. తెలుగుల ‘వచ్చిండు’ అంటే మొగోడని తేలిపాయె, ‘వచ్చింది’ అంటే ఆడమనిషని తేలిపాయె. డెమో మొత్తం నడిచేది ఆ ఒక్క అనుమానం మీదనే. పైగా డెమోల మొదటి అధ్యాయమే ఉంటది, మిగతా కథ అనువాదకుల చేతికి రాదు. ‘ఎవలో వచ్చిన్రు’ అని రాస్తే సరిపోతదా?

సూర్యాపేట

సగమే సరిపోతది. ఆడా మగా దాస్తది గని, ఒకలా ఇద్దరా అనేది చెడగొడ్తది.

తెలుగు క్రియ ఏకవచనంల ఒక తీరు, బహువచనంల ఇంకో తీరు గీత గీస్తది. ఏకవచనంల మగవాళ్లు ఒక దిక్కు. ఆడవాళ్లు, పశువులు, వస్తువులు అన్నీ ఇంకో దిక్కు. బహువచనంలకు రాంగనే ఆ గీత జరిగిపోతది: మనుషులందరు కలిసి ‘వచ్చిన్రు’, మిగతావన్ని ‘వచ్చినయి’. వ్యాకరణంల మహత్తు, అమహత్తు అని చదువుకునేది దీన్నే. అందుకే ఆడా మగా దాచాలంటే అందరి చెయ్యి ముందుగాల బహువచనం మీదికే పోతది.

ఇక్కడనే మన దిక్కు మాటకూ కోస్తా మాటకూ తేడా ఉన్నది. అక్కడ ఒక్క మనిషికే ‘మాస్టారు వచ్చారు’ అంటరు కాబట్టి, ‘ఎవరో వచ్చారు’ అన్నా ఒక్కరే అన్నట్టు వినపడ్తది. మన దిక్కు ‘సారు వచ్చిండు’, ‘అత్తమ్మ వచ్చింది’ అంటం. మర్యాద పిలుపులనే ఉంటది, క్రియ మాత్రం ఏకవచనమే. అందుకే నల్లగొండ దిక్కు చదివెటోళ్లకు ‘వచ్చిన్రు’ అనంగనే ఇద్దరు ముగ్గురు కండ్ల ముందుకొస్తరు. సత్రంల అడుగుల జాడ ఒక్క జతే ఉండి, వంటామె ‘వచ్చిన్రు’ అన్నదనుకోండి. ఆడెటోళ్లు ఆమె అబద్ధమాడుతున్నదని పట్టుకుంటరు. కథల లేని ఆధారం అనువాదం పుట్టిచ్చినట్టయితది.

‘ఎవలో’ తీసేసి ‘ఒకలు’ పెట్టండి. ‘వెనుక తలుపు నుంచి ఒకలు వచ్చిన్రు.’ లెక్క తేలింది, ఆడా మగా తేలలేదు.

నారాయణపేట

‘వచ్చింది’ మీద ఉత్తగనే నింద వేస్తున్నరు. అది వాక్యం చివర కూసుంటే ఆడమనిషిని చూపిస్తది, నిజమే. కర్త జాగల కూసుంటే ఎవ్వరినీ చూపించది. ‘రాత్రి వచ్చింది ఎవలు?’ అని అడిగితే ‘వచ్చింది మల్లయ్య’ అనొచ్చు, ‘వచ్చింది మల్లమ్మ’ అనొచ్చు. ‘చంపింది ఎవలు’, ‘కత్తి దాచింది ఎవలు’, ‘ఉత్తరం తీసింది ఎవలు’ అన్నీ గంతే. హత్య కథకు ఇంతకన్న కుదిరే వాక్యం వేరే భాష నుంచి తెచ్చుకునే పని లేదు. ఆటల వచ్చే ప్రశ్నల పట్టికలు, ఎంపిక బటన్లు, అధ్యాయాల పేర్లు ఈ తీరులనే పెట్టుకుంటే అక్కడ ఏ చిక్కూ రాదు.

మా సరిహద్దు ఊర్లల్ల కన్నడం వినేటోళ్లకు ఇది తొందరగ ఎక్కుతది. కన్నడంల మూడు రూపాలున్నయి: మగ మనిషికి ‘బంద’, ఆడమనిషికి ‘బందళు’, మిగతావాటికి ‘బంతు’. అయినా ‘బందద్దు యారు’ అని అడిగితే మూడూ ఒక్కటైతయి. వాళ్లకు ఆడవాళ్ల రూపం వేరే ఉన్నది కనుక దాచుడు ఇంకింత కష్టం. మనకు పిల్లి వచ్చినా, ఆడమనిషి వచ్చినా, కరెంటు వచ్చినా ‘వచ్చింది’ ఒక్కటే. దీన్ని పట్టుకొని, వచ్చింది పిల్లో మనిషో తెలువని కొత్త ముడి ఒకటి వేద్దామనే ఆశ అనువాదకులకు పుడ్తది. అది వద్దు. మూలకర్త వెయ్యని ముడి మనం వేస్తే, ఆటల దాన్ని విప్పే జాగ యాడా ఉండది. ఆడెటోళ్లు చివరిదాక మోసి మోసపోతరు.

ప్రశ్న (దేవరకొండ)

బాగున్నది సార్. గని వంటామె అడుగుతలేదు, చెప్తున్నది కదా. ‘ఎవలో వచ్చినట్టున్నది’ అంటే?

నల్లగొండ

అదే అందరు చేసే తప్పు. ‘వచ్చినట్టున్నది’ల ఆడా మగా ఉండది, ఒప్పుకుంట. కాని ఆ మాటల ఇంకో సంగతి చేరింది: చెప్పే మనిషి కండ్లతోని చూడలేదు, ఊహిస్తున్నదని. సాక్షి మాట మీద నడిచే ఆటల చూసుడు వేరు, ఊహ వేరు. డెమో చివర విచారణ ఉంటే, ‘నువ్వు చూసినవా, అనుకున్నవా?’ అనే ప్రశ్న తప్పకుండ వస్తది. మూలంల ఆమె చూసిందని ఉన్నప్పుడు తెలుగుల ‘వచ్చినట్టున్నది’ అని రాస్తే, ఆమె సాక్ష్యం అక్కడనే కూలిపోయె.

కాబట్టి ముందుగాల ఆ వాక్యం ఏ రకమో తేల్చుకోవాలె. బురద అడుగులు చూసి డిటెక్టివు అనుకుంటే ‘-నట్టున్నది’, లేకుంటే ‘లోపలికి వచ్చిన జాడ ఉన్నది’. ప్రశ్న అయితే నారాయణపేట సార్ చెప్పిన ‘వచ్చింది ఎవలు’. కండ్లతోని చూసి చెప్పేదైతే మన దిక్కు మాటలనే పనిముట్టు ఉన్నది: ‘వచ్చుడు’, ‘పోవుడు’, ‘తీసుడు’. ‘ఒకలు లోపలికి పోవుడు చూసిన’ అంటే చూసిన సంగతి గట్టిగ నిలవడ్తది, పోయిన మనిషి ఆడో మగో తేలది. చెప్పే మనిషి గుట్టు కూడ బయటపడది, ‘చూసిన’ అని ఆడవాళ్లయినా మగవాళ్లయినా ఒక్క తీరుగనే అంటరు. పాఠ్యపుస్తకాల భాషల ‘వెళ్లడం చూశాను’ ఇదే పని చేస్తది గని, వంటామె నోట్లె అది కుదరది.

ఒక్క జాగ్రత్త. ‘వచ్చుడు’, ‘వచ్చిండు’ చూపుకు దగ్గర దగ్గరగ ఉంటయి. ఈ మాట అలవాటు లేని జిల్లాలోళ్లు గబగబ చదివితే ‘డు’ చూసి మొగోడనుకునే ప్రమాదం ఉన్నది. అందుకని డెమోల మొదటి ఐదు నిమిషాలల్లనే, గుట్టుకు సంబంధం లేని జాగల, వంటామె నోట ‘వండుడు, వడ్డిచ్చుడు నా పని’ లాంటి మాట ఒకటి పెట్టించండి. చదివెటోళ్లకు ఆ రూపం అప్పుడే అలవాటైతది.

హంతకులే రాసుకున్న డైరీ, బెదిరింపు ఉత్తరం ఉంటే భయపడే పని లేదు. ‘నేను వచ్చిన’, ‘నువ్వు చూసినవ్’ రెంటిల ఆడా మగా ఉండది. చిక్కంతా మూడో మనిషి గురించి చెప్పేటప్పుడే.

మిర్యాలగూడ

క్రియ ఒక్కటి చూసుకుంటే చాలదు, నామవాచకాలు ఇంకా తొందరగ పట్టిస్తయి. ఎవరో తెలియని మనిషి మాట్లాడేటప్పుడు పేరు పెట్టెల (తెర మీద మాట్లాడెటోళ్ల పేరు కనవడే డబ్బాల) ‘ఆగంతకుడు’, ‘అపరిచితుడు’ అని రాస్తరు. అయిపాయె. ‘గుర్తు తెలియని వ్యక్తి’ కూడ మంచిది కాదు. పేపర్లల్ల ఆడవాళ్లయితే ‘గుర్తు తెలియని మహిళ’ అని రాస్తరు కాబట్టి, ‘వ్యక్తి’ అనంగనే మగమనిషే తోస్తడు. పేరు పెట్టెల ‘ఎవరో’ అనో, మూడు ప్రశ్న గుర్తులో చాలు. ‘హంతకుడు’ బదులు ‘చంపినోళ్లు’. అనుమానం ఉన్నోళ్ల పట్టిక మీద ‘అనుమానితులు’ అని బహువచనం.

‘ముద్దాయి’ అనే మాట డెమోల తొందరపడి వాడకండి. ఉర్దూల ముద్దయీ అంటే దావా వేసిన మనిషి. మన దగ్గరికి వచ్చేసరికి నేరం మోపబడ్డ మనిషి అయింది. మొదటి అధ్యాయంల ఇంకా ఎవరి మీదా కేసు పడదు, కనుక ఆ మాటకు అప్పుడే పని లేదు.

ఇంకోటి ‘బిడ్డ’. మూలంల చిన్న పిల్లనో పిలగాడో తేలకుండ ఉంటే, కోస్తా పుస్తకాలు చదివినోళ్లు ‘బిడ్డ’ అని రాస్తరు. మన దగ్గర ‘మా బిడ్డ’ అంటే కూతురే. ‘బిడ్డా’ అని ప్రేమతోని ఎవరినైనా పిలుస్తం గని, ‘గదిల బిడ్డ ఉన్నది’ అంటే ఆడపిల్లే. ‘పిల్ల’ కూడ గంతే. ‘పసికూన’ నిలవడ్తది, లేకుంటే ‘పిల్లల ఏడుపు వినవడ్డది’ అని తిప్పుకోవాలె. అన్న, తమ్ముడు, అక్క, చెల్లె అని తేల్చకుండ చెప్పాలంటే ‘తోడవుట్టినోళ్లు’ ఉన్నది.

డెమో అనే మాటకు తెలుగు కావాలంటే నాకు ‘మచ్చు’ ఇష్టం. ‘మచ్చుకు ఒకటి’ అని ఇప్పటికీ అంటనే ఉన్నరు. కాని బటన్ మీద ‘డెమో’నే ఉండనియ్యండి, వెతికేటోళ్లు ఆ మాటతోనే వెతుకుతరు.

వనపర్తి

మాటలు కుదిరినంక ఆట లోపల ఎక్కడ చెడిపోతయో చెప్తాను. చాలా విజువల్ నవలలు రెన్‌పై అనే, ఆటలు తయారు చేసే ఉచిత ఇంజిన్‌తో చేస్తారు. డెవలపర్ స్క్రిప్టు ఇస్తే, లాంచర్‌లో అనువాదం తయారు చేసే బటన్ నొక్కి భాష పేరు ఇవ్వాలి. గేమ్ ఫోల్డర్ లోపల ‘టీఎల్’ ఫోల్డరు వస్తుంది, అందులో ఆ భాష పేరుతో ఇంకొకటి.

ఒక్కొక్క సంభాషణకు ఒక గుర్తింపు కోడ్ పడుతుంది. అది లేబుల్ (స్క్రిప్టులో ఒక భాగానికి పెట్టే గుర్తు) పేరు, మూల వాక్యం కలిపి తయారయ్యేది. డెమో నుంచి పూర్తి ఆటకు పోయేటప్పుడు రచయిత మూలంలో ఒక్క కామా మార్చినా కోడ్ మారిపోతుంది, మీ తెలుగు వాక్యం ఊడి ఆ చోట ఇంగ్లిషు కనబడుతుంది. అందుకే ప్రతి వాక్యం పైన ‘చూసింది’, ‘ఊహ’, ‘ప్రశ్న’ అని ఒక వ్యాఖ్య రాసి పెట్టుకోండి. మళ్లీ అతికించేటప్పుడు వేరేవాళ్లు చేసినా తప్పు రూపం దూరదు.

అక్షరాలు ఒక్కొక్కటిగా పడే పద్ధతి మనకు పెద్ద చిక్కు. ‘రాత్రి వచ్చింది ఎవలు?’ అన్నది తెర మీద పడేటప్పుడు, ఒక క్షణం ‘రాత్రి వచ్చింది’ అని మాత్రమే ఉంటుంది. ఆడమనిషి అని అప్పుడే చదివేస్తారు. అందులో క్లిక్ కోసం ఆగే ట్యాగు (వాక్యం నడుమ పెట్టే చిన్న ఆదేశం) ‘వచ్చింది’ తరువాత పడితే ఇంకా అన్యాయం. రెండు దారులున్నాయి: ‘ఎవలు వచ్చింది రాత్రి?’ అని ప్రశ్న మాటను ముందుకు తేవడం, లేదా ఆ ఒక్క వరుసను వేగం ట్యాగుతో ఒకేసారి చూపించడం. ఆగే ట్యాగు, రంగు ట్యాగు ఎప్పుడూ మాటకూ మాటకూ నడుమనే పెట్టాలి. మాట మధ్యలో పెడితే హల్లు ఒక దిక్కు, గుణింతం ఒక దిక్కు విడిపోయి చుక్కల వలయం కనబడుతుంది. ట్యాగులు లేకున్నా ఒత్తులు విడిపోతుంటే ఇంజిన్ పాతది. 8 వరుస కొత్త వెర్షన్లలో అక్షరాలను కూర్చే హార్ఫ్‌బజ్ ఉంది, వాటిలో నోటో సాన్స్ తెలుగు లాంటి యూనికోడ్ ఫాంటు పెడితే కుదురుతుంది.

పెట్టె కొలత కూడా చూసుకోండి. 1920×1080 ప్రాజెక్టులో మామూలుగా సంభాషణ పెట్టె ఎత్తు 278 పిక్సెళ్లు, అక్షరం సైజు 33. పైన 75 పిక్సెళ్లు పేరుకే పోతాయి, మిగిలేది 203. ఒత్తులు తెగకుండా వరుసకు 53 ఇస్తే మూడు వరుసలకు 159 పడుతుంది, నాలుగో వరుస పట్టదు. ఇంగ్లిషులో నాలుగు వరుసలున్న మాటను రెండు పెట్టెలుగా విడగొట్టాలి. విడగొట్టినప్పుడు మొదటి పెట్టె ‘వచ్చింది’ దగ్గర ముగియకుండా చూడాలి.

ఆడేవాళ్లు పెట్టుకున్న పేరుకు ‘కి’, ‘ని’ నేరుగా తగిలించొద్దు. కొన్ని పేర్లకు ‘కి’, కొన్నిటికి ‘కు’, ‘డు’తో ముగిసే పేరు ‘డి’ అయి మారుతుంది. పేరు తరువాత ‘గారు’ చేర్చి ‘గారికి’, ‘గారిని’ అంటే ఏ పేరైనా నిలుస్తుంది, ఆడా మగా కూడా తేలదు. డిటెక్టివు ఆడో మగో ఆడేవాళ్లే ఎంచుకునే ఆట అయితే ‘సారూ’, ‘మేడం’ అనే పిలుపును ఎంపికను బట్టి మారే వేరియబుల్‌లో పెట్టండి, వాక్యాలలో చేతితో రాయొద్దు.

దేవరకొండ

వంటామె మాట ఇట్ల రాస్తే?

‘వెనుక తలుపు తీసుకొని ఒకలు లోపలికి వచ్చుడు చూసిన. బల్ల మీది ఉత్తరం పట్టుకొని మళ్ల అటే పోవుడు సుత చూసిన. తలకు కొంగు కప్పుకున్నట్టుండె, మొకం కనవడలే.’

నల్లగొండ

మొదటి రెండు వాక్యాలు మంచిగ కుదిరినయి. మూడోది మార్చాలె. మూలంల ఉన్నది తల దాక కప్పే టోపీ కోటే కదా? ‘కొంగు’ అంటే ఆడమనిషని చెప్పేసినట్టే. ‘తువాల’ అంటే మగమనిషి, ‘గొంగడి’ అన్నా మగమనిషే. ఆ కోటును కోటుగనే ఉంచండి: ‘కోటు టోపీ మొకం మీదికి గుంజి ఉండె, ఎవలో పోల్చలే.’ ‘గుంజుకున్నడు’, ‘గుంజుకున్నది’ అని మాత్రం రాయకండి. టోపీయే గుంజి ఉన్నదంటే చాలు.

నారాయణపేట

‘పోల్చలే’ బాగున్నది. ‘పోల్చలేదు’ అని సాగదియ్యకండి, ఆమె నోట్లె అది పుస్తకమైతది. తరువాత డిటెక్టివు అడిగే మాటను ‘ఉత్తరం తీసుకపోయింది ఎవలు?’ అని కాకుండ, ‘ఎవలు తీసుకపోయింది ఉత్తరం?’ అని పెట్టండి. వనపర్తి సార్ చెప్పిన అక్షరాల చిక్కు ఇక్కడనే వస్తది.