తిరుమలలో ఆఫ్ చేసిన అమ్మ ఫోను ఇంగ తెరుచుకోవడం లేదు, పిన్ గుర్తు లేదు, ఫొటోలు పోకూడదు

కట్టమంచి చిన్నమ్మి:

అన్నలూ, అక్కలూ, రవ్వంత అర్జంటు. మాది చిత్తూరు, కట్టమంచి. మా యమ్మ ఇంట్లోనే జాకెట్లు కుడుతుంది. మొన్న శనివారం తిరుమలకు పోయినాము, 300 రూపాయల టికెట్టు. లోపలికి పోయే ముందర ఫోన్లు కౌంటర్లో ఇచ్చేయాల కదా. లైన్లో మా వెనకాల ఉన్న ఒకామె "ఆఫ్ చేసి ఇయ్యండమ్మా, చార్జింగ్ మిగులుతుంది" అనింది. మా యమ్మ సరేనని ఆఫ్ చేసి ఇచ్చేసింది. ఫోను కొన్నప్పటి నుంచి ఆమె దాన్ని ఆఫ్ చేయడం అదే మొదలు అనుకుంటా.

దర్శనం బాగా అయింది, తోపులాట కూడా లేదు. బయటికొచ్చి ఫోను తీసుకొని ఆన్ చేస్తే, వేలు పెట్టినా తెరుచుకోలేదు. లడ్డూ నెయ్యి అంటుకొనిందేమో అని కొంగుతో తుడుచుకొని తుడుచుకొని పెట్టింది. ఊహూ. పిన్ కొట్టమంటాది. ఆ పిన్ ఏందో మా యమ్మకు గుర్తు రావడం లేదు. ఎక్కువగా వేలు పెట్టడమే అలవాటు. మా నాయన స్కూటర్ నంబరు, మా డోర్ నంబరు, నేను పుట్టిన సంవత్సరం, ఆఖరికి 1234 కూడా కొట్టినాము. అయిదు తప్పులకు 30 సెకన్లు ఆగమనింది. ఇంగా కొట్టే కొద్దీ ఆగాల్సిన టైము పెరగతా ఉంటే భయమేసి వదిలేసినాము.

ఫోను శాంసంగ్ ఏ14, 2023లో కొనింది. బిల్లు, బాక్సు ఉండాయి. జీమెయిల్ ఏదో మాకు తెలీదు, అంగట్లో పిల్లోడే ఏదో చేసి ఇచ్చినాడు.

అసలు బాధ ఏందంటే, పోయిన వానల్లో కొలతల నోటుబుక్కు తడిసిపోతే, మిగిలిన పేజీలన్నీ ఫొటోలు తీసి ఫోన్లోనే పెట్టుకొనింది. ఎనబై మంది పైన ఆడోళ్ల కొలతలు. చీటీ లెక్కలు కూడా అట్నే. వచ్చే నెల ముహూర్తాలు ఉండాయి, గుడ్డలు ఇంటి నిండా పడుండాయి.

ఇక్కడ ఒక అంగట్లో "డేటా పోకుండా తీసిస్తా, 3,500 ఇయ్యండి" అన్నాడు. ఇంకో అంగట్లో "రీసెట్ కొడతా, 500, అన్నీ పోతాయి" అన్నాడు. ఎవుర్ని నమ్మేది?

ఇంగో వింత: ఎవరన్నా కాల్ చేస్తే మోగతా ఉండాది గానీ, పేరు రాదు. వట్టి నంబరే వస్తా ఉండాది. నంబర్లు కూడా పోయినాయేమో అని మా యమ్మ ఏడ్చేదొకటే తక్కువ.

పలమనేరు కుర్రోడు:

దీనికింత కథా? వాల్యూమ్ అప్, పవర్ రెండూ పట్టుకొని రికవరీ అనే రిపేరు మెనూలోకి పోయి రీసెట్ కొట్టేయ్ అక్కా. అయిదు నిమిషాల పని.

గాంధీరోడ్డు రిపేరు:

ఆగమ్మా, ఆ తమ్ముడి మాట విని ఇప్పుడే కొట్టొద్దు. నేను తిరపతి గాంధీ రోడ్డులో ఫోన్ల రిపేరు చేస్తా, పదైదేండ్లు దాటింది. కొండ దిగొచ్చినోళ్లు ఇదే కేసు మోసుకొని నా అంగడికి వస్తానే ఉంటారు. ఫోను చెడిపోలేదు, అమ్మ వేలూ చెడిపోలేదు. ఏ ఫోనైనా ఆఫ్ చేసి ఆన్ చేస్తే మొదటిసారి వేలు ఒప్పుకోదు, పిన్నో ప్యాటర్నో అడిగే తీరుతుంది. అది దాని రూలు. లైన్లో ఆయమ్మ మంచి మనసుతోనే చెప్పింటుంది పాపం.

పేర్లు ఎందుకు రాలేదో చెప్తా. ఫోన్లో ఉండే సరుకంతా తాళం వేసిన బీరువా మాదిరి. ఆ తాళంచెవి మీ పిన్‌తో కలిస్తేనే పూర్తవుతుంది. ఆన్ అయినాక ఒక్కసారన్నా పిన్ కొట్టేదాకా బీరువా తెరుచుకోదు, పేర్లు ఆ బీరువాలో ఉండాయి. అందుకే కాల్ మోగుతుంది, పేరు రాదు. పోలేదు, లోపలే ఉండాయి. అమ్మకు ఈ ముక్క చెప్పు, ధైర్యంగా ఉంటుంది.

ఇంగ ఆ 3,500 ఆయన సంగతి. ఆండ్రాయిడ్ 10 నుంచి వచ్చే కొత్త ఫోన్లన్నింటికీ ఈ తాళం తప్పనిసరి. మీ ఏ14 వచ్చిందే ఆండ్రాయిడ్ 13తో. పిన్ లేకుండా అందులో నుంచి ఫొటోలు తీసే మొగోడు మన పక్క అంగళ్లలో నేనైతే చూళ్లేదు. నేనూ చేయలేను, చేయగలనని చెప్పను కూడా. కంప్యూటర్లో దించుకోమని యూట్యూబ్‌లో చూపిస్తారే ఆ సాఫ్ట్‌వేర్లు, అవి కూడా చివరికి రీసెట్టే కొడతాయి, డబ్బులు ముందరే తీసుకుంటాయి. పాత రోజుల్లో, ఆండ్రాయిడ్ 4 కాలంలో, ప్యాటర్న్ అయిదుసార్లు తప్పు గీస్తే కింద "మర్చిపోయారా" అని వచ్చేది, జీమెయిల్ కొడితే తెరుచుకునేది. ఆ కాలం పోయింది.

అయితే కుర్రోడు చెప్పినట్ల ఇప్పుడే రీసెట్ కొడితే ఏమవుతుందో చూడు. ఫోను ఖాళీ అవుతుంది, ఆన్ అవుతుంది, అప్పుడు "ఇంతకు ముందు ఇందులో ఉన్న గూగుల్ అకౌంట్ కొట్టు" అంటుంది. ఇది 2015లో ఆండ్రాయిడ్ 5.1తో వచ్చింది, దొంగల కోసం పెట్టిన మేకు. జీమెయిల్ తెలీకపోతే ఆ మేకు మనకే గుచ్చుకుంటుంది. ఫొటోలూ పోయి, ఫోనూ ఇటుకరాయి అయి, రెండింటికీ చెడతారు. అందుకని ముందు జీమెయిల్ కనుక్కోవాల.

సిమ్ నీ చేతిలో ఉంది కదా, అదే పెద్ద బలం. సిమ్ తీసి ఇంట్లో వేరే ఫోన్లో వెయ్. గూగుల్ సైన్ ఇన్ పేజీలో "ఇమెయిల్ మర్చిపోయారా" అని ఉంటుంది. అక్కడ అమ్మ ఫోన్ నంబరు, అకౌంట్లో ఉన్న పేరు కొడితే ఓటీపీ వచ్చి, ఆ నంబరు మీద ఏ జీమెయిల్ ఉందో చూపిస్తుంది. పేరు దగ్గర ఓపిక పట్టాల. అంగట్లో పిల్లోళ్లు ఇంటిపేరు ముందర పెడతారో వెనక పెడతారో, ఒక్కక్షరం కొట్టి వదిలేస్తారో, ఆ వెంకన్నకే తెలియాల. జీమెయిల్ దొరికితే పాస్‌వర్డ్ మార్చుకో. కంప్యూటర్లో గానీ నీ ఫోన్లో గానీ గూగుల్ ఫొటోస్, గూగుల్ కాంటాక్ట్స్ తీసి చూడు. ఫొటోల బ్యాకప్ ఆన్‌లో ఉండుంటే సగం పని అక్కడే అయిపోతుంది.

అది చూసేదాకా ఫోను జోలికి పోవద్దు. ఎవరికీ ఇయ్యొద్దు. ఆ సిమ్‌కు వచ్చే ఓటీపీ ఏ అంగడాయనకూ చదివి చెప్పొద్దు.

పీలేరు మాస్టారు:

పైన రిపేరు సోదరుడు చెప్పినది అక్షరాలా నిజం. రీసెట్ చేసే ముందు ఒక్క ప్రయత్నం చేయమని నా సలహా. మీ అమ్మగారిని "పిన్ ఏమిటి, గుర్తు తెచ్చుకో" అని అడగకండి, ఎవరు అడిగినా నాకే గుర్తు రాదు. వేరే ఫోన్లో కాల్ చేసే అంకెల పలక తీసి చేతికిచ్చి, మాటల్లో పెట్టి, వేళ్లు ఎటు పోతాయో చూడండి. క్యాలిక్యులేటర్ మాత్రం ఇవ్వవద్దు, అందులో అంకెలు తలకిందులు, పైన 7 ఉంటుంది, వేళ్లు తికమకపడతాయి. పెట్టినప్పుడు ఆమె ఏ పనిలో ఉన్నారో, రోజూ చేత్తో రాసే అంకె ఏదైనా ఉందేమో అడగండి. మనుషులు పుట్టినరోజులే పెడతారనుకోవడం పొరపాటు. నేను బడి రిజిస్టరులో ఒక పేజీ నంబరు పెట్టుకున్నాను.

ఇంకో ముచ్చట. మా అబ్బాయి ఐఫోన్‌లో రాత్రి పడుకోబోయే ముందు పాస్‌కోడ్ మార్చి, తెల్లవారేసరికి మరిచాడు. ఐఓఎస్ 17 నుంచి మార్చిన 72 గంటల లోపు పాత పాస్‌కోడ్‌తో లోపలికి పోవచ్చు కాబట్టి బతికిపోయాడు. మీ విషయంలో అది పనికిరాదు, ఎప్పుడో పెట్టిన పిన్ కదా.

కట్టమంచి చిన్నమ్మి:

రిపేరన్నా, మీ కాళ్లకు దండం. జీమెయిల్ దొరికింది!

సిమ్ తీసి మా తమ్ముడి పాత ఫోన్లో వేసినా. పేరు దగ్గర గంట సేపు పట్టింది. మా యమ్మ పేరు పూర్తిగా కొడితే లేదనింది, ఇంటిపేరు ముందర పెడితే లేదనింది, వెనక పెడితే లేదనింది. ఆఖరికి పేరు కొట్టి, ఇంటిపేరు జాగాలో మా యమ్మ పేరే మళ్లీ కొడితే వచ్చేసింది. ఆ అంగట్లో పిల్లోడు రెండు గడుల్లోనూ ఒకటే పేరు కొట్టి పంపించేసినాడు! ఓటీపీ వచ్చింది, పాస్‌వర్డ్ మార్చేసినా.

గూగుల్ ఫొటోస్ తెరిస్తే మా యమ్మ నా భుజం పట్టుకొని చూస్తా ఉండాది. కొలతల పేజీలు వరసగా వచ్చేసినాయి. చీటీ లెక్కలు కూడా. శుక్రవారం రాత్రి వరకు తీసినవన్నీ ఉండాయి. అలిపిరి దగ్గర తీసుకున్నవి మాత్రం లేవు, నెట్ సరిగా లేదేమో. పోతే పోనీ, మొకాలు అవే కదా.

నంబర్లు అన్నీ రాలేదు. 112 ఉండాయి. మిగిలినవి ఫోన్ మెమరీలో పెట్టింటుంది అనుకుంటా.

మాస్టారు, మీరు చెప్పినట్ల అంకెల పలక ఇచ్చినా. మా యమ్మ వేళ్లు తిన్నగా మా పెద్దమ్మ నంబరు కొట్టేసినాయి. ఇద్దరూ అరగంట మాట్లాడుకున్నారు.

ఇప్పుడు రీసెట్ కొట్టేయొచ్చా అన్నా?

గాంధీరోడ్డు రిపేరు:

రెండు గడుల్లోనూ ఒకటే పేరా! వాడు నా దగ్గర పని నేర్చుకోలేదు, అది మాత్రం గ్యారంటీ.

ఈ రోజు కొట్టొద్దు. పాస్‌వర్డ్ ఇప్పుడే మార్చినావు కాబట్టి 24 గంటలు ఆగి రీసెట్ చేయమని గూగులోళ్లే చెప్తారు. రేపు ఈ టైము దాటినాక చెయ్.

శాంసంగ్‌లో ఇంగో మెలిక ఉంది, వాల్యూమ్ పవర్ పట్టుకున్నంత మాత్రాన రికవరీ రాదు. ఫోనును యూఎస్‌బీ వైరుతో కంప్యూటర్‌కు తగిలించి, ఆఫ్ అయినాక వాల్యూమ్ అప్, పక్కన బటన్ రెండూ పట్టుకోవాల, తెర మీద శాంసంగ్ పేరు పడగానే వదలాల. అందులో వేలితో తాకితే ఏమీ కాదు, వాల్యూమ్ బటన్లతో కిందికి పోయి, పక్క బటన్‌తో ఓకే చేయాల. చేతకాకుంటే సర్వీస్ సెంటర్‌కు బిల్లు తీసుకొని పో, వాళ్లు చేసిస్తారు. బిల్లు, బాక్సు లేని ఫోను నా దగ్గరికొస్తే నేనూ ముట్టుకోను. సంచార్ సాథి అనే సర్కారు సైట్లో ఐఎంఈఐ, అంటే ఫోను గుర్తింపు నంబరు, కొట్టి చూసినాకే మాట్లాడతా.

వాట్సాప్ సంగతి: అదే సిమ్, అదే జీమెయిల్‌తో ఎక్కిస్తే, బ్యాకప్ పెట్టుకొని ఉండుంటే పాత మాటలు తిరిగొస్తాయి. లేకుంటే రావు. ఫోన్‌పే, గూగుల్ పే మళ్లీ మొదటి నుంచి ఎక్కించుకోవాల, సిమ్ ఆ ఫోన్లోనే ఉండాల. యూపీఐ పిన్ మాత్రం పాతదే, అది బ్యాంకుది, ఫోనుది కాదు. అదన్నా గుర్తుందా అమ్మకు?

పలమనేరు కుర్రోడు:

సారీ అక్కా. నాకు జీమెయిల్ మెలిక తెలీదు. మా ఊళ్లో ఇద్దరికి ఇట్లే కొట్టిచ్చినా, ఒకాయన ఇంగా నన్ను వెతుకుతా ఉండాడు.

కట్టమంచి చిన్నమ్మి:

ఆలస్యంగా రాస్తా ఉండా, కుట్టు పని మీద పడింది.

సోమవారం రాత్రి తమ్ముడి ల్యాప్‌టాప్‌కు తగిలించి రీసెట్ చేసినాము. మొదటి రెండుసార్లు రికవరీ రాలేదు, బటన్లు తొందరగా వదిలేసినాము. మూడోసారి వచ్చింది. ఆన్ అయినాక అన్న చెప్పినట్లే పాత అకౌంట్ అడిగింది, కొట్టినాము, ఒప్పుకొనింది. వాట్సాప్‌లో పాతవేమీ రాలేదు, బ్యాకప్ ఎప్పుడూ పెట్టలేదంట. మా యమ్మ కస్టమర్లందరికీ "నీ జాకెట్టు డిజైన్ ఫొటో మళ్లీ పంపు" అని ఫోన్లు చేసుకుంటా కూర్చునింది. యూపీఐ పిన్ గుర్తుంది, డబ్బుల పిన్ కదా, ఎట్ల మర్చిపోతుంది.

అసలు సంగతి ఇప్పుడు వినండి. నిన్న మధ్యాహ్నం ఎవరిదో బట్ట కత్తిరిస్తా, టేపు మెడలో వేసుకొని ఉన్నట్టుండి "అయ్యో" అని కత్తెర కింద పెట్టేసింది. ఏమైందిమా అంటే, "అది నా జాకెట్టు కొలతే కదా పాపా! ఛాతీ 36, పొడుగు 14. ఆ పిల్లోడు నాలుగంకెలు చెప్పక్కా అంటే నోటికొచ్చింది చెప్పినా" అంటుంది. రోజుకు పదిసార్లు కొలతలు రాసే చెయ్యి, మాస్టారు! ఎనబై మందివి ఫొటోలు తీసి దాచుకొనింది, తనది మాత్రం ఆ పుస్తకంలోనే లేదు.

కొత్త పిన్ ఏం పెట్టిందో నాక్కూడా చెప్పలేదు. ఇంగ అది కొలత కాదంట. మిషన్ సొరుగులో బాబిన్ల డబ్బా కింద ఏదో చీటీ మడిచి పెట్టింది, నేను చూడనట్టే ఉండా.